తాడు వచ్చేవేళ ఏలీయా ముఖం

ప్రోతరాపూర్ నుంచి పోర్ట్ బ్లెయిర్ వెళ్లే బస్సులో జ్ఞానవతి టీచరు ఒళ్లో ఒక ఫొటో ఫ్రేమును బోర్లా పెట్టుకుని కూర్చుంది. పక్క సీటావిడ "కిస్‌కా ఫొటో హై దీదీ?" అని అడిగితే ఎవరిదో తెలియదంది. అబద్ధం కాదు. ఫ్రేములో ఉన్న మనిషి ఎవరో ఆమెకు నిజంగానే తెలియదు.

ఫొటో కింద పేరు మాత్రం ఆమె భర్తదే. ఏలీయా కార్ నికోబార్ జెట్టీలో పనిచేసేవాడు. ఓడ మీంచి విసిరిన తాడు అందుకుని కట్టడం అతని ఉద్యోగం. రెండు వేల నాలుగు క్రిస్మస్‌కి జ్ఞానవతి రెండేళ్ల కూతుర్ని తీసుకుని ప్రోతరాపూర్‌లో పుట్టింటికి వచ్చింది. ఏలీయా డ్యూటీ అయ్యాక వస్తానన్నాడు. మర్నాడు ఉదయం సముద్రం వచ్చింది. మనిషితో పాటు క్వార్టరు, పెళ్లి ఆల్బం, ఆఫీసు కాగితాలు అన్నీ పోయాయి. అతను బొబ్బిలి దగ్గర మిషన్ హాస్టల్లో పెరిగినవాడు. వెళ్లి ఫొటో అడగడానికి అత్తవారిల్లంటూ లేదు.

చర్చిలో ప్రతి డిసెంబరు ఇరవై ఆరున జ్ఞాపకార్థ కూటం పెడతారు. కొన్నేళ్లుగా ప్రొజెక్టర్ తెచ్చి, పేరు చదివినప్పుడల్లా పోయినవాళ్ల ఫొటో తెర మీద వేస్తున్నారు. ఫొటో లేనివాళ్లకు లిల్లీ పువ్వు బొమ్మ వేస్తారు. ఏలీయా పేరుకి ఇంతవరకూ లిల్లీ పువ్వే వచ్చింది. ఆ పువ్వు చూడలేకే కూతురు క్యారొలిన్ ఈసారి జ్ఞానవతి పిన్ని కొడుకు బెన్‌హర్ చేత కంప్యూటర్‌లో ఈ ఫొటో చేయించి, ఫ్రేము కట్టించి, తల్లి చేతిలో పెట్టింది.

బెన్‌హర్‌ది పెళ్లి వీడియోల దుకాణం. జ్ఞానవతి ఫ్రేము అతని బల్ల మీద పెట్టింది.

"వాపస్ తీసుకో."

"ఏం అక్కా, బాగా రాలేదా?"

"బాగానే వచ్చింది. ఎవరో సినిమా హీరోలా ఉన్నాడు. మీ బావ కాదు."

బెన్‌హర్ నొచ్చుకున్నాడు. కంప్యూటర్‌కి క్యారొలిన్ ఫొటో ఇచ్చి, నల్లటి మనిషి, ఉంగరాల జుట్టు, మీసం అని చెబితే యంత్రం చేసి ఇచ్చిందనీ, చర్చి పెద్ద భూషణం గారికి పంపితే బ్రహ్మాండం అన్నారనీ చెప్పాడు. జ్ఞానవతి వినకుండానే బస్సుకు వెళ్లిపోయింది.

సాయంత్రం క్యారొలిన్ ల్యాబ్ డ్యూటీ నుంచి వచ్చి, గోడ మీద మేకు ఖాళీగా ఉండటం చూసింది. బ్యాగ్ దించకుండానే అందుకుంది.

"నువ్వు చూశావు గనక నీకు నచ్చలేదు మమ్మీ. నేను చూడలేదు. నాకు ఏదో ఒక ముఖం కావాలి."

"ఏదో ఒకటి చాలంటే క్యాలెండర్లో బోలెడున్నాయి."

అనకూడని మాట. అన్నాక వెనక్కి తీసుకోలేదు. తర్వాత రెండు పూటలు తల్లీకూతుళ్ల మధ్య కూర గిన్నె అటూ ఇటూ జరిగింది గానీ మాట జరగలేదు.

ఆదివారం మిన్నీ బేలో గిరిధర్ గారింట్లో సినిమా ఉంది. ఆయన జ్ఞానవతి స్కూల్లోనే భూగోళం చెప్పి రిటైరయ్యారు. నెలకో ఆదివారం ముందు గదిలో తెల్ల దుప్పటి కట్టి ఊరూరి సినిమాలు వేస్తారు. ఈ మూడు నెలలూ కాంబోడియావే. ఎందుకండీ అంటే మ్యాపు తీసి చూపిస్తారు. "స్కేలు పెట్టి కొలుచుకోండి. మనకి మద్రాసు కన్నా నోమ్ పెన్ దగ్గర. ఒకే అక్షాంశం. పొరుగువాళ్ల కబురు పొరుగువాళ్లకి తెలియకపోతే ఎలా?" జ్ఞానవతి వస్తానని మాటిచ్చేసింది. కూతురు అలిగే ఉన్నా వెంట వచ్చింది.

మొదలుపెట్టే ముందు గిరిధర్ రెండు ముక్కలు చెప్పారు. డెబ్బైల్లో ఖ్మేర్ రూజ్ ముఠా లక్షలమందిని చంపిన కాలంలో అక్కడ మనుషులతో పాటు వాళ్ల ఫొటోలూ, సినిమా రీళ్లూ పోయాయి. పాత ఫొటో ఇంట్లో ఉంచుకోవడానికే జనం భయపడ్డారు. అందుకే అక్కడివాళ్లు కెమెరా పట్టుకుంటే చాలామంది ముందు సొంత ఇంటివాళ్లనే వెతుకుతారు.

ఆనాటి సినిమాలో ఒక నడివయసు ఆడమనిషి తన తండ్రి గురించి తీసింది. తండ్రి ఫొటో ఒక్కటీ లేదు. ఆమె బొమ్మ గీయించలేదు, నటుణ్ణి పెట్టలేదు. మేనత్తల్నీ బాబాయిల్నీ పెరట్లోకి పిలిచి, మా నాన్న ఎలా నడిచేవాడో నడిచి చూపించండి అంది. ఒకాయన కాలు ఈడ్చి నడిచాడు. మేనత్త లేచి, అది ముసలి ఎద్దు నడక, మా అన్నది కాదని కసిరి, తను చేతులు వెనక్కి కట్టుకుని నడిచింది. ఇంకో బాబాయి నవ్వాడు. పోట్లాట అయింది. ఎవరిది సరైన నడకో ఆ కూతురు చివరి వరకూ తేల్చలేదు. అందరి నడకలూ వరసగా పెట్టి సినిమా ముగించింది.

గదిలో ఎవరో కళ్లు తుడుచుకున్నారు. జ్ఞానవతికి ఏడుపు రాలేదు. ఆ మేనత్త గదమాయింపు నచ్చింది.

తిరుగు బస్సులో క్యారొలిన్ కిటికీలోంచి చూస్తూనే అడిగింది. "డాడీ ఎలా నడిచేవాడు?"

జ్ఞానవతి తలచుకుని చూసింది. నడక గుర్తు రాలేదు. ఇంత వీరంగం వేసి వెనక్కిచ్చిన ఫ్రేము గుర్తొచ్చింది గానీ నడక రాలేదు. ఆ సంగతి కూతురికి చెప్పకుండా, ఇంటికెళ్లగానే సిప్పీఘాట్‌లో ఉన్న నూకన్నకు ఫోన్ చేసింది.

నూకన్న అదే జెట్టీలో ఏలీయాతో కలిసి తాళ్లు పట్టినవాడు. ఆ డిసెంబరులో సెలవు మీద ఉండి బతికాడు. ముందు పళ్లు రెండు లేవు. మరుసటి ఆదివారం తల్లీకూతుళ్లు వెళ్లేసరికి పెరట్లో కూర్చుని, ఫోన్లో వేసిన ప్రశ్నకే జవాబు మొదలెట్టాడు.

"నడక నాకేటి తెలుస్తది టీచరమ్మా. ఆడూ నేనూ నడిసింది ఎక్కడ, నిలబడ్డమే. ఆడు తాడు పట్టడం అడుగు, సెప్తాను."

ఓడ ఒడ్డుకు వచ్చేటప్పుడు ముందు సన్నటి తాడు విసురుతారు. దాని కొసకు బరువైన ముడి ఉంటుంది. జెట్టీ మీది మనిషి దాన్ని అందుకుని లాగితే వెనకే పెద్ద మోకు వస్తుంది. కొత్తవాడు వచ్చే ముడినే కళ్లప్పగించి చూస్తాడు. నూకన్న తన చిగుళ్లు చూపించాడు. అలా చూసినందుకే. ఏలీయా చూసేవాడు కాదు. చెయ్యి ముందుకు చాపి, ముఖం పక్కకు తిప్పేసేవాడు. తాడు చేతిలోకే వచ్చేది.

"అదే అలవాటైపోనాది ఆడికి. బంతి ఇసిరినా, టార్చి కొట్టినా ముకం తిప్పీసేవోడు."

జ్ఞానవతి లేచి నిలబడింది. పుట్టింట్లో బీరువా వెనక ఒక పెళ్లి ఫొటో ఉంది. గ్రూపు ఫొటో. అందరూ కెమెరా వైపు చూస్తున్నారు, పెళ్లికొడుకు తప్ప. ఫ్లాష్ పడగానే ముఖం తిప్పేశాడు. ఒక చెవి, మెడ, దవడ. ఫొటోగ్రాఫర్ మళ్లీ తీశాడు, మళ్లీ అంతే. పెళ్లి పాడుచేశాడని అమ్మ దాన్ని గోడకి పెట్టలేదు. ముఖం లేదు గనక జ్ఞానవతి కూడా ఇన్నేళ్లూ అది ఏలీయా ఫొటో కాదనే అనుకుంది.

ఆ వారమే బెన్‌హర్‌ని కెమెరాతో నూకన్న పెరట్లోకి రప్పించింది. నూకన్న ఒక పాత తాడు కొసకు ఇసక మూట కట్టి, మేడ మెట్లెక్కి నిలబడ్డాడు. అది ఓడ. బెన్‌హర్ కెమెరాను స్టాండు మీద పెట్టి, బావలా నేను పడతానని గుండీ విప్పుకుని నిలబడ్డాడు.

"నువ్వు తాడు పడతన్నావా, పెళ్లికూతురి సెయ్యి పడతన్నావా? తప్పుకో," అన్నాడు నూకన్న.

"నేను పడతా పెద్నాన్నా," అంది క్యారొలిన్.

మొదటిసారి ఆమె తాడునే చూసింది. మూట భుజానికి తగిలి కూలబడింది. బెన్‌హర్ పరుగెత్తాడు. జ్ఞానవతి కదలలేదు. "మళ్లీ విసురు," అంది. రెండోసారి క్యారొలిన్ ముఖం తిప్పింది. దెబ్బ తిన్నవాళ్లెవరైనా తిప్పుతారు. తాడు చేతికి అందలేదు. మరో రెండుసార్లు జారిపోయింది. అప్పుడు, చూడకుండానే, వేళ్లు మూసుకున్నాయి.

"అదీ," అన్నాడు మెట్ల మీంచి నూకన్న. "కానీ ఆడు కుడేపుకి తిప్పీవోడు."

"ఎడమకి. ఫొటో ఉంది నా దగ్గర."

"ఫొటోవోడు ఏ పక్కనున్నాడో నువ్వు సూసినావా? నేను ఆడి పక్కన పదేళ్లు నిలబడ్డాను."

తేలలేదు. క్యారొలిన్ రెండు వైపులకీ తిప్పి పట్టింది, బెన్‌హర్ రెండూ తీశాడు. అంతా సర్దుకుంటుంటే క్యారొలిన్ కమిలిన భుజం రుద్దుకుంటూ, తల్లి పక్కకు వచ్చి అడిగింది. "చర్చిలో వెయ్యనిస్తారా?"

"వేస్తారు," అంది జ్ఞానవతి.

భూషణం వెయ్యనన్నాడు. ఇది ఆరాధన, నాటకం కాదన్నాడు. ముఖం లేని ఫొటో, ఆపైన ఆడపిల్ల తాడు పట్టుకున్న వీడియో, రూలు ప్రకారం కుదరవన్నాడు. కంప్యూటర్ ఫొటో తన ఫోన్లోనే ఉందనీ, అది వేద్దామనీ మెత్తగా చెప్పాడు.

"ఆ ముఖం చూసి జనం ఏమనుకుంటారు టీచరమ్మా? మంచి మనిషి అనుకుంటారు."

"మంచి మనిషే కావచ్చు. మా ఇంట్లో మనిషి కాదు."

"ముఖం కనపడకపోతే ఎవరని గుర్తుపడతారు?"

"ఎరిగినవాళ్లు ఏలీయా అంటారు. ఎరగనివాళ్లు ఎవరు అని అడుగుతారు. అడగనివ్వండి."

"కాదంటే లిల్లీ పువ్వే మరి."

"వెయ్యండి. వేస్తే నేను మైకు దగ్గరకొచ్చి, ఈ పువ్వు మా ఆయన కాదు అని చెప్పి వెళ్లి కూర్చుంటాను. ప్రతి ఏడాదీ చెప్తాను. స్కూల్లో రోజూ ప్రార్థన చేయించేదాన్ని, మైకంటే నాకు బెదురు లేదు భూషణం గారూ."

భూషణం పాస్టరు గారితో మాట్లాడతానన్నాడు. ఏం మాట్లాడాడో ఎవరికీ తెలియదు.

ఇరవై ఆరున చర్చి నిండింది. పేర్లు చదువుతున్నారు. ఏలీయా పేరు రాగానే భూషణం చేతిలోని కాగితం వైపు తల దించుకున్నాడు. తెర మీద పెళ్లి గ్రూపు ఫొటో పడింది, ముఖం తిప్పిన పెళ్లికొడుకుతో. తర్వాత తాడు గాల్లోంచి వచ్చింది. క్యారొలిన్ ఒకసారి ఎడమకు, ఒకసారి కుడికి ముఖం తిప్పి పట్టుకుంది. చిన్నపిల్లలు కిసుక్కుమన్నారు. చివరి బెంచీలోంచి నూకన్న, చర్చి అని కూడా చూడకుండా, "రెండోదే ఆడు," అన్నాడు.

జ్ఞానవతి వెనక్కి తిరిగి కళ్లెర్రజేసింది. క్యారొలిన్ నవ్వాపుకోలేక తల దించుకుంది. ఆమె ఫోన్లో ఆ కంప్యూటర్ ముఖం ఇంకా ఉంది. తీసెయ్యమని జ్ఞానవతి అడగలేదు.

బయట టీ ఇస్తుంటే అమ్మడు అనే ముసలామె బెన్‌హర్ చొక్కా పట్టుకుని ఆపింది. ఆమె కొడుకు పేరుకి లిల్లీ పువ్వు వచ్చింది. వాడు సైకిలు అవతలి వైపు నుంచి ఎక్కేవాడనీ, ఎక్కి చూపించే మేనల్లుడు ఒకడున్నాడనీ, కెమెరా ఎప్పుడు తెస్తావనీ అడిగింది. బెన్‌హర్ జనవరి మొదటి ఆదివారం వస్తానన్నాడు.

నిరుడు తెర మీద లిల్లీ పువ్వులు పది. ఈసారి తొమ్మిది.