అలేస్ రెజ్యూమేని నేను శుభ్రం చేసిన వైనం

ఒక మనిషి ఇరవై రెండేళ్ల కష్టాన్ని ఒక్క క్లిక్కుతో మూడో వంతుకు దించడం ఎలాగో తెలుసుకోవాలంటే నన్నడగండి. నేను చేశాను. అదీ పట్టపగలు, పూర్తి స్పృహలో, పరోపకారం చేస్తున్నాననుకుని చేశాను. ఇప్పటికీ ఆ సంగతి గుర్తొస్తే నా చెవులు ఇస్త్రీపెట్టెలా వేడెక్కుతాయి.

అప్పుడు నేను అమెరికాలోని ఆష్‌బర్న్‌లో ఉండేవాణ్ణి. మా ఊళ్లో మనుషులకంటే సర్వర్లు ఎక్కువ. వాటిలో వచ్చి పడే సమాచారాన్ని శుభ్రం చేయడం నా ఉద్యోగం. ఒకే కస్టమర్ మూడు చోట్ల కనిపిస్తే రెండు తీసేయాలి. ఖాళీలు నింపాలి, వరుసలో పెట్టాలి. ఈ పని మూడేళ్లు చేస్తే మనిషికి ఒక జబ్బు పట్టుకుంటుంది. విస్తట్లో రెండు గారెలు కనిపించినా, ఒకటి పొరపాటున పడిందేమోనని అనుమానం వస్తుంది.

నా రూమ్మేటు భూపాల్‌ది వరంగల్. పక్క అపార్ట్‌మెంట్‌లో ఉండే అలేస్‌ది బెలారస్. ఆయనకు నలభై ఐదేళ్లుంటాయి. పగలంతా వ్యాన్‌లో పార్సిళ్లు పంచేవాడు. సాయంత్రం హార్మోనియానికి పెద్దన్నలాంటి అకార్డియన్‌ను ఛాతీకి తగిలించుకుని బాల్కనీలో వాయించేవాడు. భూపాల్ చారు పెట్టాడని వాసనను బట్టి కనిపెట్టి, గిన్నెతో సహా మా గుమ్మంలో ప్రత్యక్షమయ్యేవాడు. భూపాల్ నన్ను పిలవడం విని 'తమ్మీ' అనే మాట పట్టేశాడు. ఆయనకు వచ్చిన తెలుగంతా అదే. మిగతా సంభాషణంతా ఇంగ్లిష్‌లోనే.

ఒకరోజు చారు తాగుతూ చెప్పాడు.

"తమ్మీ, మన ఊరి నాటకశాలకి డైరెక్టర్ కావాలట. మా దేశంలో ఇరవై రెండేళ్లు నాకు అదే పని. ఇది దొరికితే వ్యాన్ తాళాలు తిరిగిచ్చేస్తాను. రిహార్సల్ గదిలో కాలుపెట్టి నాలుగేళ్లయింది."

"మంచిదే కదా. అప్లై చేయండి."

"రెజ్యూమే అడుగుతున్నారు. మా ఊళ్లో అలాంటిది ఎవరూ అడగలేదు. నేనెవరో అందరికీ తెలుసు."

"రెజ్యూమేనా! ఆ పని నాకొదిలేయండి," అన్నాను.

ఈ ధీమా నాకెక్కడిదని మీరు అడగరు. అమెరికాలో తెలుగువాళ్లకు రెజ్యూమే రాయడం వెన్నతో పెట్టిన విద్య. రెండేళ్ల అనుభవం ఒక్క రాత్రిలో ఎనిమిదేళ్లయిన జోకులు మీరూ వినే ఉంటారు. అయితే ఉన్న అనుభవాన్ని కుదించిన తెలుగువాడు చరిత్రలో లేడు. ఆ లోటు నేను తీర్చాను.

అలేస్ మర్నాడే తన పనులన్నీ ఒక పట్టికలో టైప్ చేసి పంపాడు. నూట పద్నాలుగు వరుసలు. సంవత్సరం, నాటకం పేరు, చేసిన పని, వివరాలు. ఫైల్ తెరవగానే నా వేళ్లు దురద పెట్టాయి. ప్రతి నాటకం పేరూ మూడేసిసార్లు ఉంది! పాపం, కాపీ చేసేటప్పుడు చెయ్యి జారిందనుకున్నాను.

చేసిన పని అనే గడిలో నటన, దర్శకత్వం, సంగీతం అని తేడా కనిపించడం లేదా అని మీరడగొచ్చు. కనిపించింది. కానీ ఒకే మనిషి నాటకం ఆడించి, దానికి పాటలు కట్టి, మళ్లీ అందులోనే వేషం వేస్తాడని నా బుర్రకు తట్టలేదు. మా ఆఫీసులో ఒక బటన్ రంగు మార్చడానికి నలుగురం ఉంటాం. ఏ నాటకంలో ఏ పని చేశాడో గుర్తులేక మూడూ రాశాడు కాబోలనుకుని, పనుల గడిని ఇంగ్లిష్ అక్షరక్రమంలో పేర్చి, ఒక్కో నాటకానికి మొదటి వరుస ఉంచి మిగతావి తీసేయమని కంప్యూటర్‌కు చెప్పాను. యాక్టింగ్ 'ఎ'తో మొదలవుతుంది. కాబట్టి నటన మిగిలింది. దర్శకత్వమూ సంగీతమూ గాల్లో కలిసిపోయాయి. నూట పద్నాలుగు కాస్తా ముప్పై ఎనిమిదయ్యాయి. ఒక్క పేజీలో ఎంత ముచ్చటగా సరిపోయిందో!

ఇక్కడ ఇంకో చిక్కుంది. అలేస్ నాటక బృందంలో మొత్తం ఆరుగురే. మంచి వేషాలన్నీ వాళ్లకిచ్చి, ఎవరూ వద్దన్నవి ఆయన వేసుకునేవాడు. ఆ సంగతి నాకు అప్పుడు తెలియదు. భూపాల్ నా భుజం మీదుగా స్క్రీన్‌లోకి తొంగి చూశాడు.

"ఏందిరా ఇది? గీ అన్న తొమ్మిదిసార్లు పీనుగు ఏషం ఏసిండా?"

"అది చాలా కష్టమైన పాత్ర. ఊపిరి బిగబట్టాలి."

"గుర్రం ఎనక కాళ్లు, మూడో సిపాయి, తలుపు తీసేటోడు. గీయన డైరెక్టర్ ఎట్లయితడు? ఒకపారి అడుగరాదు?"

"డేటాలో నేను వేలు పెట్టను. ఉన్నదున్నట్టు పెడతాను."

"అవునవును. మొన్న ఫ్రిజ్‌ల రెండు పెరుగు డబ్బాలుంటే డూప్లికేటని ఒకటి పారేసినవ్. అది గూడ ఉన్నదున్నట్టేనా?"

పేజీ పైన 'నిలకడ గల కళాకారుడు' అని ఒక వాక్యం జోడించి అలేస్‌కు చూపించబోయాను. ఆయన చేత్తో వారించాడు.

"నువ్వు ఇంజినీర్‌వి తమ్మీ. నేను చూసి ఏం చేస్తాను? పంపించెయ్."

పంపించేశాను.

పది రోజులకు ఇంటర్వ్యూకి పిలుపొచ్చింది. శనివారం ఉదయం నా కార్లోనే తీసుకెళ్లాను. అలేస్ కోటు వేసుకున్నాడు. దారిపొడవునా ఏదో పాట కూనిరాగం తీస్తూనే ఉన్నాడు. ఫైర్ స్టేషన్ పక్కన పాత గోదాంలో ఉంది నాటకశాల. లోపల ముగ్గురు కూర్చున్నారు. మధ్యలో తెల్లజుట్టు పెద్దావిడ, రిటైరైన స్కూల్ టీచర్. ఆవిడే అధ్యక్షురాలు. ఒక పక్క టోపీ పెట్టుకున్న పెద్దమనిషి, ఇంకో పక్క నోట్సు రాసుకునే అమ్మాయి. నేను వెనక కుర్చీలో లాప్‌టాప్ ఒళ్లో పెట్టుకుని, పెళ్లిచూపుల్లో పెళ్లికొడుకు మేనమామలా సర్దుకుని కూర్చున్నాను.

"మీ రెజ్యూమే మేం చాలాసార్లు చదివాం," అంది పెద్దావిడ. "నిజం చెప్పాలంటే కుతూహలం కొద్దీ పిలిచాం. తొమ్మిదిసార్లు శవంగా వేశారు."

"అవును. నాకు చాలా ఇష్టం," అన్నాడు అలేస్ ఉత్సాహంగా. "కింద పడుకుంటే స్టేజీ అంతా కనిపిస్తుంది. ఎవరు ఆలస్యంగా వచ్చారు, ఎవరు డైలాగ్ మింగేశారు, అన్నీ తెలుస్తాయి."

"గుర్రం వెనక కాళ్లు కూడా ఇష్టమేనా?"

"చాలా సౌకర్యం మేడమ్. ముందుకాళ్ల వాణ్ణి నెట్టొచ్చు. మావాడు నెడితేగానీ కదలడు."

ముగ్గురూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. టోపీ పెద్దమనిషి గొంతు సవరించుకున్నాడు.

"మరి ఈ వయసులో, కొత్తగా, డైరెక్షన్ వైపు ఎందుకు రావాలనిపించింది?"

"కొత్తగానా?" అన్నాడు అలేస్.

పెద్దావిడ కాగితం ఆయన ముందుకు జరిపింది. ఆయన కళ్లజోడు పెట్టుకుని చదివాడు. వెనక్కి తిప్పాడు. వెనక ఖాళీ. ఇంకో పేజీ కింద పడిందేమోనని బల్ల కిందకి వంగి చూశాడు. తర్వాత నెమ్మదిగా నావైపు తిరిగాడు.

"తమ్మీ, నా నాటకాలేవి? నా పాటలేవి?"

ఆ మొహం చూశాక నాకు అర్థమైంది. నా కాళ్లు నా అనుమతి లేకుండా లేచి నిలబడ్డాయి.

"డూప్లికేట్లనుకుని తీసేశానండీ," అన్నాను.

"ఏవి డూప్లికేట్లు?" అంది పెద్దావిడ.

"ఆయన దర్శకత్వం. ఇంకా... సంగీతం."

"అంటే, ఈయన శవంగా వేసిన నాటకాలన్నీ?"

"ఈయనే డైరెక్ట్ చేశారండీ. పాటలు కూడా ఈయనవే. తప్పంతా నాది. ఒరిజినల్ ఫైల్ నా దగ్గరుంది."

పెద్దావిడ పెన్ను చేతిలోకి తీసుకుంది. "ఏవీ, ఒకటి రెండు చెప్పండి."

ఒకటి రెండు! నేను తీసేసినవి డెబ్భై ఆరు. ఒక్కటి తగ్గినా ఆయనకు మళ్లీ అన్యాయం చేసినట్టే. లాప్‌టాప్ తెరిచి మొదలుపెట్టాను. "మొదటి వరుస. దర్శకత్వం. నాలుగు అంకాలు. రెండో వరుస. సంగీతం. ఏడు పాటలు, అకార్డియన్, ఒక డప్పు."

"చాలు తమ్మీ," అన్నాడు అలేస్ మెల్లగా. అది వినయం అనుకున్నాను.

పన్నెండో వరుస దగ్గర ఆయన ఆ పాటేదో గుర్తొచ్చి బల్లమీద దరువు మొదలుపెట్టాడు. అమ్మాయి నోట్సు పక్కన పెట్టేసింది. టోపీ పెద్దమనిషి తల ఊపుతున్నాడు. అలేస్ లేచి, కుర్చీలు జరిపి, గాడిద అలిగే సన్నివేశాన్ని ఆ ముగ్గురిచేతా ఎలా ఆడించవచ్చో చూపించడం మొదలుపెట్టాడు. వాళ్లు పగలబడి నవ్వుతున్నారు. ఆ సందడిలో నా మాట వినిపించదేమోనని గొంతు పెంచాను. "ముప్పై ఒకటో వరుస!"

నలభై నాలుగో వరుస దగ్గర పెద్దావిడ క్లాసులో పిల్లలా చెయ్యెత్తింది.

"బాబూ, ఒక్క మాట."

"ప్రశ్నలు చివర్లో తీసుకుంటానండీ. ఇంకా ముప్పై రెండున్నాయి."

"పంతొమ్మిదో వరుస దగ్గరే మేం ముగ్గురం సరే అనుకున్నాం. ఉద్యోగం ఆయనదే. చెబుదామంటే మీరు ఊపిరి తీసుకోవడం లేదు."

అలేస్ ఆవిణ్ణి వాటేసుకున్నాడు, టోపీ పెద్దమనిషిని వాటేసుకున్నాడు, చివరికి నన్ను కూడా వాటేసుకున్నాడు. ఆయన కళ్లు తడిగా ఉన్నాయి. నావీ కాస్త అంతే. ఇంటికి రాగానే భూపాల్ తలుపు దగ్గరే ఆపాడు.

"నౌకరీ అచ్చిందా?"

"వచ్చింది."

"నీతోటి అచ్చిందా, నువ్వు అడ్డమున్నా అచ్చిందా?"

"రెండోది," అన్నాను.

కాబట్టి పాఠకమహాశయులారా, మీ అందరి సాక్షిగా, నిటారుగా నిలబడి, నా కీబోర్డు మీద చెయ్యి వేసి ప్రమాణం చేస్తున్నాను. ఒక మనిషి పేరు ఒకే నాటకం పక్కన మూడుసార్లు కనిపిస్తే, మూడుసార్లూ అతను చెమటోడ్చాడనే నమ్ముతాను. తీసేసే ముందు అతన్ని అడుగుతాను. ఎవరైనా ఒకటి రెండు చెప్పమంటే, రెండు చెప్పి నోరు మూసుకుంటాను. ఈ ప్రమాణంలో ఇంకా పదకొండు నిబంధనలున్నాయి. అవి చదవను. ప్రమాణం ఇప్పటినుంచే అమల్లోకి వచ్చింది.