ఏ తప్పుకు సస్పెండ్ చేసిన్రో తెల్వక

నవ్వనంటే చెప్త. గెలిచే కేసును పోయిన వారం నా చేతులతోని నేనే ఆగం చేసుకున్న!

పంజాగుట్టల స్కానింగ్ సెంటర్ల నేను రిసెప్షన్‌ల కూసుంట కదా. సోమవారం పొద్దున పోంగనే హెచ్ఆర్ మేడం చేతిల కవర్ పెట్టింది. "మీ ప్రవర్తన మీద ఎంక్వయిరీ నడుస్తోంది. అయ్యేదాకా సస్పెండ్. ఆఫీసుకు రావద్దు."

"నేనేం చేసిన మేడం?"

"ఇప్పుడు చెప్పకూడదండీ. కంగారు పడకండి, ఇది శిక్ష కాదు."

శిక్ష కాదంట! మరి ఐడీ కార్డు ఎందుకు గుంజుకున్నరు? పదేండ్ల నౌకరీ! లెటర్ నాలుగుసార్లు చదివిన. "ప్రవర్తన" అని ఉన్నది గానీ ఏ ప్రవర్తనో లేదు. పాప ప్రాజెక్టుకు ఆఫీసుల కలర్ ప్రింట్లు తీసినందుకా? వెయిటింగ్ హాల్ టీవీల సీరియల్ పెట్టినందుకా?

మైత్రీవనం దిక్కు ఉరికిన. అక్కడ వకీలు మూర్తి గారున్నరు. ఆయన ఆఫీసు కింద కోచింగ్ సెంటర్. మెట్లెక్కేలోపు రెండు డెమో క్లాసుల కాయితాలు నా చేతిల పెట్టిన్రు!

లెటర్ చూడంగనే మూర్తి గారి మొహం వెలిగిపోయింది. "ఏంటమ్మా ఇది! ఆరోపణ లేదు. ఎన్నాళ్లో లేదు. ఎంక్వయిరీ కోసం సస్పెండ్ చేయొచ్చు, కాదనం. కానీ ఇలా చేస్తే కోర్టులో సవాలు చేయొచ్చు."

"అంటే ఇది శిక్షేనా సార్?"

"కాదు."

"మరి సవాలెందుకు?"

"శిక్ష కాదు కాబట్టే, శిక్షలాగా వాడకూడదు."

అర్థమైనట్టు తలూపిన.

"రేపు నోటీసు పంపుతా. అప్పటిదాకా వాళ్లకు ఒక్క ముక్క కూడా రాయొద్దు."

సరే అన్న. బోరబండల ఇంటికి పోతే మా ఆయన ఇంకో మాట. "కోర్టెందుకే? తప్పు ఒప్పుకో, ఇడిసిపెడ్తరు."

"ఏ తప్పు?"

"ఉన్నదాంట్ల పెద్దది ఒప్పుకో."

పెద్దదంటే ఒక్కటే. మా చిన్నాయన బిడ్డ పెండ్లికి లీవు లేదన్నరు. జ్వరమని చెప్పి పోయిన. మెహందీ మస్తు ఎర్రగ పండింది. దద్దుర్లు వచ్చినయని వారం రోజులు గ్లౌజులు ఏసుకొని కూసున్న. పాపం, హెచ్ఆర్ మేడమే ఆయింట్‌మెంట్ తెచ్చిచ్చింది!

ఫోన్ పట్టుకొని మేడంకు మెయిల్ కొట్టిన. ఏదీ దాయలే. తేదీ రాసిన, ఫంక్షన్ హాల్ పేరు రాసిన, ఆయింట్‌మెంట్‌కు సారీ చెప్పిన. నమ్ముతరో లేదోనని మెహందీ ఫొటో సుత పెట్టిన.

తెల్లారి మేడం ఫోన్. "మీ మీద అనుమానం పోయిందండీ. పేషెంట్ల ఫోన్ నంబర్లు ఎవరో బయటికిచ్చారు, ఎంక్వయిరీ దాని మీద. మీ కంప్యూటర్ నుంచే పోయాయి. ఏ రోజో నిన్ననే తేలింది. ఆ రోజు మీరు జ్వరంతో లీవులో ఉన్నారు కదా! సస్పెన్షన్ తీసేశాం."

"థాంక్స్ మేడం!"

"ఆగండి. మీ మెయిల్ ఇప్పుడే తెరిచాను."

పగటి పూట ఇంకో సస్పెన్షన్ లెటర్ వచ్చింది, నా మెయిల్‌ల ఉన్నదంత అండ్ల దించిన్రు. మళ్ల మూర్తి గారి దగ్గరికే పోయిన. కళ్లద్దాలు తుడుచుకొని తిప్పి తిప్పి చూసిన్రు.

"దీన్ని కదిలించలేమమ్మా. ఆరోపణ ఉంది, తేదీ ఉంది, సాక్ష్యం ఉంది. ఒక్క లొసుగు లేదు. ఎవరు రాశారో గానీ పెద్ద లాయరే!"

నేను తల వంచుకొని మెల్లగ అన్న: "నేనే సార్."