ఎదుటి పక్షం చేయవలసిన పని

శనివారం ఉదయాలను నేను చాలా ఏళ్లుగా ఎవరికీ ఇవ్వలేదు. శుభకార్యమైనా, తెలుగు సంఘం సమావేశమైనా మధ్యాహ్నం తరువాతే. ఉదయం మాత్రం మస్కట్‌లోని వాడి కబీర్‌లో మా అమ్మాయి ఇంటి నుండి బయలుదేరి, అల్ హైల్‌లోని నా మిత్రుని ఇంటికి చదువుకోవడానికి వెళ్లేవాణ్ణి. నేను పాఠశాలలో చరిత్ర బోధించి పదవీ విరమణ చేసినవాణ్ణి. ఆయన కడప మనిషి; రుసైల్‌లోని ఒక కర్మాగారంలో సరుకు నాణ్యతను పరీక్షించే విభాగంలో సర్వీసంతా గడిపారు. లోపమున్న సరుకును వెనక్కి పంపడమే వృత్తిగా జీవించిన మనిషి కనుక చదువులోనూ అదే పట్టుదల. నేను ఆయనను సాబ్ అంటాను. ఆయన నన్ను, వారి ప్రాంతంలో ఉపాధ్యాయుణ్ణి పిలిచినట్లు, అయ్యోరు అంటారు.

మేము చదువుతున్నది అమెరికా తూర్పు ప్రాంతపు ఆదిమ జాతులైన ఇరోక్వా, చెరొకీల చరిత్ర. మస్కట్‌లో కూర్చుని అదేం చదువని మా అల్లుడు ఒకసారి నవ్వాడు. చదివే విషయం ఇంటి పక్కనే ఉండాలన్న నియమం నేనెక్కడా చూడలేదని చెప్పాను. రెడ్ ఇండియన్లంటే సినిమాలోని ఈకలూ గుర్రాలూ తప్ప మరేమీ తెలియని తెలుగు పాఠకుల కోసం ఇద్దరం కలిసి ఒక పుస్తకం రాస్తున్నాం. తమలో ఒకడు కల్పించిన లిపిని జనమంతా నేర్చుకుని, సొంత భాషలో పత్రిక అచ్చువేసుకున్న చెరొకీల భాగం ఆయనది. వంశం తల్లి నుండి లెక్కకు వచ్చే, నాయకుణ్ణి నిలబెట్టే అధికారమూ దించే అధికారమూ వంశంలోని పెద్ద ఆడవాళ్ల చేతిలో ఉండే ఇరోక్వాల భాగం నాది.

ఆయన భార్య మా చదువుకు మూడవ సభ్యురాలు. చదవదు, వింటుంది. టీ కప్పులు బల్లమీద పెట్టి, తలుపు దగ్గర కుర్చీ వేసుకునేది. నాయకుణ్ణి దించే అధ్యాయం నేను చదువుతున్న రోజున మధ్యలోనే ఆపింది.

"ఆడోళ్లు మొగోళ్లను గద్దె దించేస్తారా? ఈ పేజీ మెల్లగా చదవండి భాయ్‌సాబ్. వినాల్సినోళ్లు పక్కనే ఉండారు."

"నాకేం గద్దె ఉందని దించేది?" అన్నారు ఆయన.

"ఆ కుర్చీ ఉంది గదా, లేవండి, తుడవాల."

ఈ సంవత్సరం రంజాన్ వెళ్లిన కొద్ది రోజులకు ఆమె జబ్బుపడింది, కోలుకోలేదు. ఇక్కడి మట్టిలోనే ఖననం జరిగింది. పరామర్శకు వచ్చినవారు వచ్చారు, వెళ్లారు. ఆ తరువాత నా మిత్రుడు మాట్లాడడం మానేశారు. ఏడ్వలేదు, విసుక్కోలేదు, అడిగినదానికి తల ఊపడం, లేదా అదీ లేదు. మా శనివారాలు ఆగిపోయాయి.

వారి అమ్మాయి ఒక ఆస్పత్రి ల్యాబులో పనిచేస్తుంది. ఒకనాడు తండ్రి సంగతి చెప్పడానికి నాకు ఫోన్ చేసింది.

"మామూ, అబ్బా నోరు తెరవట్లే. నేను డ్యూటీకి పోవల్లంటే భయమైతాంది. పుస్తకాలన్నీ అట్టపెట్టెల్లో సర్ది తలుపు కాడ పెట్టినారు. ఎవరికన్నా ఇచ్చేయమని కాగితం మీద రాసి చూపించినారు."

"రాసిన అధ్యాయాలు కూడానా?"

"అవీ పెట్టెలోనే. మీరు ఒకసారి వచ్చి మాట్లాడించండి మామూ."

శనివారం వస్తానని చెప్పాను. వట్టి చేతులతో వెళ్లి నాలుగు ఓదార్పు మాటలు చెప్పడం నాకు చేతకాదు. ఏ పనికైనా ఒక పద్ధతి ఉండాలి. నా భాగంలో ఒక అధ్యాయం సరిగ్గా ఈ సందర్భానిదే. ఇరోక్వాల సమాజం రెండు పక్షాలుగా ఉంటుంది. ఒక పక్షంలో మరణం సంభవిస్తే ఆ పక్షంవారు ఏ పనీ చేయరాదు. దుఃఖం వారి మనస్సును కమ్మి ఉంటుంది గనుక అంత్యక్రియల భారమంతా ఎదుటి పక్షానిది. నాయకుడే మరణిస్తే, మనస్సు తేటగా ఉన్న ఎదుటి పక్షంవారు వచ్చి లాంఛనంగా కొన్ని మాటలు చెబుతారు. కన్నీరు తుడుస్తున్నామంటారు. దుఃఖంతో మూసుకుపోయిన చెవులను తెరుస్తున్నామంటారు. పూడిపోయిన గొంతును నీటితో శుభ్రం చేస్తున్నామంటారు. గొంతు తెరుచుకున్నాక మనిషి మళ్లీ మాట్లాడగలడు. ఆ మాటలను నేను అదివరకే తెలుగులోకి తెచ్చి ఉన్నాను. వాటిని శుభ్రంగా తిరగరాసుకుని, ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్లాను.

తలుపు అమ్మాయి తీసింది. అట్టపెట్టెలను దాటుకుని లోపలికి వెళ్లాను. ఆయన తన కుర్చీలోనే ఉన్నారు. నేను ఎదురుగా నిలబడి, ఎందుకు వచ్చానో రెండు వాక్యాలలో చెప్పి, చదవడం మొదలుపెట్టాను. కన్నీటి మాట పూర్తయింది. చెవుల మాట పూర్తయింది. గొంతు మాటకు వచ్చేసరికి ఆయన చెయ్యెత్తారు.

"ఆపండి అయ్యోరా." గొంతు బొంగురుపోయి ఉంది. "వరస తప్పు."

తలుపు దగ్గర అమ్మాయి కదలకుండా నిలబడిపోయింది.

"వరస సరిగానే ఉంది సాబ్. మొదట కళ్లు, తరువాత చెవులు, తరువాత గొంతు," అన్నాను.

"మాటల వరస కాదు. మనుషుల వరస. పోయింది ఎవరు?"

"మీ శ్రీమతి."

"వాళ్ల లెక్కలో ఆమె ఏ వంశం?"

"ఆమె తల్లి వంశం."

"నేను?"

"మీ తల్లి వంశం."

"మొగుడు పెండ్లాం ఒక పక్షంలో ఉంటారా? మీరే గదా రాసినారు, పూర్వం ఎదుటి పక్షంలోనే పెండ్లి చేసుకునేవాళ్లని. ఆ పేజీ పెట్టెలో ఉంది, తీయమంటారా?"

అక్కర్లేదని తల ఊపాను.

"అంటే చావు జరిగింది నా పక్షంలో కాదు. నేను ఎదుటి పక్షమోణ్ణి, పని చేయాల్సినోణ్ణి. మరి ఏడవాల్సింది ఎవరు? ఆమె అన్నదమ్ములు, అక్కచెల్లెండ్లు. ఆమె మిమ్మల్ని ఏమని పిలిచేది?"

"భాయ్‌సాబ్."

"ఈ పిల్ల?"

"మామూ."

"మేనమామ! చెరొకీల ఇండ్లల్లో పిల్లలకు నాయన కంటే మేనమామ మాటే పెద్దది. అది నేను రాసిన అధ్యాయం. ఇంత సదువుకోని, చావింటి మనిషి వచ్చి పరాయోని కండ్లు తుడుస్తాడా? సరుకు రిజెక్ట్ అయ్యోరా, తీసుకోని పొండి."

అమ్మాయి నవ్వింది. నవ్వుతూనే దుపట్టాతో కళ్లు అద్దుకుంది.

పరాయివారి చరిత్రను మన కళ్లతో చూడకూడదని విద్యార్థులకు ముప్పుతిప్పలు పెట్టి నేర్పిన పాఠంలో నేనే తప్పాను. తెలుగువాణ్ణి కాబట్టే ఆ పొరపాటు చేశాను. మనకు భార్య పోతే దుఃఖం భర్తది. ఇల్లు ఆయనది, పరామర్శ ఆయనకు. ఆమె పుట్టింటివారు కూడా పరామర్శకు వచ్చిన చుట్టాలలో కలిసిపోతారు. ఇన్నేళ్లు పరాయి జాతి నియమాలను చదివీ, ఆచరణకు వచ్చేసరికి చూపు మనదే పెట్టుకున్నాను.

"అయితే మీరే చదవండి," అని నా కాగితం ఆయన చేతికి ఇవ్వబోయాను.

ఆయన పుచ్చుకోలేదు. "ఆ మాటలు వాళ్లవి. వాళ్ల పెద్దలకు వాళ్లు చెప్పుకునేవి. మనం సదవొచ్చు, మన తెలుగోళ్లకు వివరంగా చెప్పొచ్చు, ఇంట్లో పెట్టుకోని తంతు చేయగూడదు. కూర్చునే పద్ధతి మాత్రం అప్పు తీసుకుందాం. మీరు ఆ పక్క కూర్చోండి. నువ్వు కూడా అమ్మా, నువ్వు మీ అమ్మ పక్షం. మామూ పక్కన కూర్చో."

మేమిద్దరం బల్లకు ఒకవైపు కూర్చున్నాం. ఆయన లేచి వంటింట్లోకి వెళ్లారు. అమ్మాయి లేవబోతే, "దుఃఖంలో ఉండేవాళ్లు పొయ్యి ముట్టుకోగూడదు," అని లోపలి నుండే కసిరారు. టీపొడి డబ్బా ఎక్కడుందో వెతుకుతున్న చప్పుడు వినిపించింది. అడగలేదు, మేమూ చెప్పలేదు. కొంతసేపటికి మూడు గ్లాసుల సులేమానీ తెచ్చారు. పాలు లేని ఆ టీని ఆయన మరీ మరగబెట్టారు. చేదుగా ఉంది, తాగాము.

తరువాత ఆయన ఎదుటివైపు కూర్చుని ఆమె గురించి చెప్పారు. పెళ్లైన కొత్తలో ఆమె మస్కట్ ఎండకు భయపడి పగలంతా తడి తువ్వాలు తలకు చుట్టుకున్న సంగతి. రెండు అరబ్బీ మాటలతో కూరగాయల దుకాణంవాడితో బేరమాడి గెలిచిన సంగతి. ఒక్కొక్కచోట ఆగారు. మా ఇద్దరిలో ఎవరమూ మాట అందించలేదు. అందించే హక్కు మా పక్షానికి లేదు. ఆగి, ఆయనే మళ్లీ అందుకున్నారు. మా రెండు కుటుంబాలూ కలిసి వెళ్లిన ప్రయాణంలో ఆమె ఒక పెద్ద మట్టికూజాను ఒడిలో పెట్టుకుని దారంతా కూర్చున్న సంగతికి వచ్చారు.

"నిజ్వాలో కొన్నింది ఆ కూజా," అన్నారు.

నిజ్వా కాదు, బహ్లా. కుండలు చేసే ఊరు అదేనని ఆనాడు ఆమెను అక్కడికి తీసుకువెళ్లింది నేనే. తప్పును వినీ దిద్దకుండా కూర్చోవడం అదివరకు నా జీవితంలో ఎన్నడూ జరగలేదు. నేను గ్లాసు కింద పెట్టి, వింటూ కూర్చున్నాను.