పాప్‌కార్న్ ఇచ్చింది ఎవురికంటే...

మొన్న చింతామణి టౌన్లో, సినిమా హాల్లో నేను చేసిన ఘనకార్యం వింటే, మీరెవురూ జన్మలో నన్ను పాప్‌కార్న్ తెమ్మని చెప్పరు!

మా అమ్మకీ పిన్నమ్మకీ నా పెండ్లప్పటి నుంచీ మాటల్లేవు. కారణం? ఫొటో! స్టేజీ మీద అందర్నీ నిలబెట్టి ఫ్యామిలీ ఫొటో తీస్తాంటే, పిన్నమ్మ పాపం కింద వడ్డిస్తాండె. పిలవను మరిచిపోయిరి. అంతే! చెల్లెలు అలిగె. 'నా కూతురి పెండ్లిలో అలుగుతాదా?' అని అక్కా అలిగె. నడాన నేను నలిగితి.

అమ్మ దిగులు చూడలేక సినిమాకి తీసకపోతిని. పిల్లోళ్ళ మాయల సినిమా. రెండు ఇండ్లోళ్ళకి పగ. ఒకరినొకరు తిట్టుకున్నప్పుడల్లా నడాన గోడ దానంతట అదే లేస్తాది. క్షమించినామంటే ఒక రాయి రాలిపోతాది. ఇంటర్వెల్‌లో అమ్మ పాప్‌కార్న్ తెమ్మనె.

పాప్‌కార్న్ లైన్‌లో లేటాయె. లోపలికొస్తే చీకటి. తడుముకుంటా పోయి కూచుంటిని. పక్కన అమ్మ, ఏసీ చలికి కొంగు తల మీద కప్పుకొని, కాళ్ళు సీటు మీదికి మడుచుకొని ఉండాది. పాప్‌కార్న్ అమ్మ ఒళ్ళో పెట్టి మొదలుపెడితిని.

"చూసినావా అమ్మా ఆ గోడ? అచ్చం నువ్వూ పిన్నమ్మా! పిలవకపోవడం మన తప్పే. ఆ యమ్మ మాత్రం తక్కువనా? మొండిఘటం! ఒక ఫోన్ చేస్తే సొమ్మేం పోతాది? నువ్వేమో అనపగింజలు పితికి పితికిపప్పు చేసినప్పుడల్లా ఒక గిన్నె పక్కన పెట్టి, 'అదుంటే తినుండేది' అని కండ్లు తుడుచుకుంటావు."

పాప్‌కార్న్ నమిలే శబ్దం ఆగిపోయె. ముక్కు చీదుతాండాది.

"ఏడ్చొద్దమ్మా, సినిమానే కదా!" అని భుజం నిమిరితిని.

వెనక వరస నుంచి అమ్మ గొంతు! "ఎవుర్ని ఓదారుస్తాండావే? నేనీడుండాను! నా పాప్‌కార్న్ యాడ?"

తెర మీద వెలుగొచ్చె. చూస్తే పిన్నమ్మ! పట్టుపురుగుల పని ఇడిసి వాళ్ళూరు దిబ్బూరహళ్ళి దాటి రాదని నా ధైర్యం. పురుగులు గూడు కట్టినాయంట, పని తీరి పక్కింటోళ్ళతో సినిమాకొచ్చింది!

"ఊ, మొండిఘటాన్నే. ఇంగేముండాది, చెప్పు" అనె.

పిన్నమ్మ పాప్‌కార్న్ ఎత్తుకొని వెనక వరసకి పాయె.

"అక్కా... పితికిపప్పు ఉండాదా ఇంట్లో?"

అమ్మ లేచి నిలబడి, "ఉండాది. పొద్దున్నే చేసినా. నీ గిన్నె పక్కన పెట్టే వచ్చినా" అనె.

ఇద్దరూ నిలబడే వాటేసుకొని ఏడిస్తిరి. వెనకోళ్ళు "కూతుకొళ్రీ అమ్మా, సినిమా కాణిస్తిల్ల!" అని, కూచోండి కనపడలేదని కన్నడంలో అరిస్తిరి. నాకూ ఏడుపాగలేదు, నిజంగా.

బయటికొచ్చినాక ముగ్గురం సెల్ఫీ తీసుకుంటిమి. అమ్మ దాన్ని ప్రింటేయించి నా పెండ్లి ఆల్బమ్‌లో మొదటి పేజీలోనే అతికించె. అక్కాచెల్లెండ్లు నిండుగా నవ్వుతాండారు. నేను? అంచున ఒక చెవి, ఒక కమ్మ!

"ఏంది పిన్నమ్మా, నా పెండ్లి ఆల్బమ్ మొదటి పేజీలో నేనే లేనే!" అంటే ఏమనిందో తెలుసా?

"నువ్వు అలగాకు తల్లీ. ఇంటికొక మొండిఘటం చాలు!"