ఒక్క దెబ్బ

ఇరవై ఏళ్ళుగా ఈ బరువు మోస్తున్నాను. కాదు, ఎనిమిదేళ్ళు. చూశారా, ఇది చదివే మీ దగ్గర కూడా నా నోరు ఊరుకోవడం లేదు.

భవానీపూర్‌లో ఒక ఫుట్‌బాల్ క్లబ్బుకు బంతులూ జెర్సీలూ చూసుకునేవాణ్ణి. నేను కొడితే గోల్‌పోస్టు వంగిపోయేదని పిల్లలకు చెప్పేవాణ్ణి. నిజానికి నేనెప్పుడూ ఆడలేదు. వాళ్ళు నవ్వేవారు. ఆ నవ్వు కోసమే చెప్పేవాణ్ణి.

గౌరి మా తెలుగువాళ్ళుండే కార్పొరేషన్ క్వార్టర్స్ పిల్ల. పంతొమ్మిదేళ్ళు. ఎడమకాలితో కొడితే బంతి కనపడేది కాదు. ఇది మాత్రం పెంచి చెప్పడం కాదు. గోల్‌కీపర్ శీనూ ఆమే ప్రాక్టీసయ్యాక ఒకే సీసాలో నీళ్ళు తాగేవారు. కోచ్‌కు అది కంటగింపు. ఒక సాయంత్రం అందరూ వెళ్ళాక ఈల తాడుతో ఆమె వీపు మీద కొట్టాడు. నేను జెర్సీల మూట వెనక నక్కాను. గౌరి నన్ను చూసింది.

అదే మొదటిసారి కాదని శీనుకు చెప్పుకుని ఏడ్చిందట. ఫిర్యాదు చెయ్యమన్నది అతనే. జెర్సీల తాత చూశాడు కదా, చెబుతాడు అని నన్ను చూపించాడట.

క్లబ్బు కమిటీ ముందు నిలబడ్డాను. చూస్తూ ఊరుకున్నావా అని ఎవరైనా అడిగితే ఏం చెప్పాలా అన్న భయమో, ఒక్కసారైనా మగాడిలా కనపడాలన్న ఆశో, ఇప్పటికీ తేల్చుకోలేను, నోరు నాకంటే ముందు పరుగెత్తింది. పది దెబ్బలన్నాను. నేను అడ్డుపడి లాగితే తాడు తెగిపోయిందన్నాను.

కోచ్ మెడలోంచి ఈల తీసి బల్ల మీద పెట్టాడు. అదే పాత తాడు. ఎక్కడా ముడి కూడా లేదు.

బెంగాలీ సెక్రటరీ నవ్వాడు. "దాదూ, ఇంతకీ ఒక్కటైనా చూశారా, అదీ మీ కథేనా?"

అప్పుడైనా చెప్పవచ్చు కదా? గౌరి నావైపే చూస్తోంది. గదంతా నవ్వుతోంది. నేనూ నవ్వాను.

ఫిర్యాదు కొట్టేశారు. గేటు దగ్గర గౌరి నన్ను ఆపింది.

"నువ్వు సూసినావు కదా తాతా?"

"సూసినానమ్మా."

"మరి ఒక్క దెబ్బ సాల్లేదేటి? పదెందుకు సేసినావు?"

పక్కన శీను సైకిలు పట్టుకుని నిలబడ్డాడు. అతని వంక కూడా చూడకుండా వెళ్ళిపోయింది. నన్ను నమ్మమన్నది అతనే మరి. మళ్ళీ మైదానానికి రాలేదు. కోచ్ ఇంకో ఐదేళ్ళు అక్కడే ఆడపిల్లలకు నేర్పాడు. వాళ్ళలో ఎంతమంది దెబ్బలు తిన్నారో తెలియదు. ఆ సంఖ్య పెంచడానికి గాని తగ్గించడానికి గాని నాకు నోరు రావడం లేదు.

క్షమించమని రాయడం లేదు. గౌరి ఎక్కడుందో కూడా తెలియదు. ఆ బల్ల ముందు చెప్పవలసింది ఇక్కడ చెబుతున్నాను, కాస్త ఊపిరి ఆడుతోంది.

ఒక్క దెబ్బ. వీపు మీద. చూశాను. దాక్కున్నాను.