వార్తల వేళ బ్యాండు

మొయినాబాద్‌లో బస్సెక్కిన ఆ ఆఫ్రికా విద్యార్థి నా పక్కన కూర్చున్నాడు. అతని ఫోనులో వాళ్ల దేశపు రేడియో వస్తోంది. మాటల్లేవు, బ్యాండు మేళం ఒక్కటే. నాకు పెళ్లి బరాత్ గుర్తొచ్చి, "మస్తుగున్నది తమ్మీ, జర సౌండు పెంచు," అన్నాను.

అతను పెంచలేదు. "అన్నా, మా దగ్గర వార్తలు బంద్ చేసి గిదే పెడితే, మిలిటరోళ్లు సర్కారును దించినట్టు," అన్నాడు ఇక్కడ నేర్చుకున్న తెలుగులో. "తెల్లోళ్లు పోయినంక ఇది మూడోసారి. మొదటిసారి మా తాతను తీస్కపోయిన్రు. మళ్ల రాలే."

"మరి మీ ఇంటోళ్లు మంచిగున్నరా?"

"గీ టైముకు వార్తలు చదివేది మా అక్కనే."

ఇద్దరం ఆ ఫోనునే చూస్తూ కూర్చున్నాం. చేవెళ్ల వస్తుండగా బ్యాండు ఆగింది. అతను నా మోచేయి గట్టిగా పట్టుకున్నాడు. ఫోనులో ఎవరో మగమనిషి కాగితం చూసి చదవడం మొదలుపెట్టాడు. బస్సు ఆగినా ఆ పిల్లాడు నా చేయి వదల్లేదు.

పేరైనా అడగలేదు. ఇప్పటికీ నా కిరాణా దుకాణంలో వార్తలకు ముందు రేడియోలో సంగీతం కాస్త సాగితే చాలు, తూకం ఆపి, ఎవరైనా మాట్లాడేదాకా అట్లాగే నిలబడిపోతాను.