ఆలుగడ్డ తొక్కల స్నేహలత

నందికొండలో ఆనకట్ట దగ్గరి హోటల్ వంటగదిలో స్నేహలతది ఒకటే పని. ఉడికిన ఆలుగడ్డను సగానికి కోసి, తొక్క చిరగకుండా చెంచాతో లోపలి గుజ్జు తోడి, ఆ తొక్కను నూనెలో వేయించి, మటన్ కీమా కూరి, పైన చీజ్ తురుము చల్లి ఓవెన్‌లో పెడుతుంది. వేడికి వేళ్ల కొసలు మొద్దుబారాయి. ఆ గదికి కిటికీ లేదు. అక్కడ పనిచేస్తున్న మూడేళ్లలో ఆనకట్ట గేట్లెత్తడం ఆమె ఒక్కసారీ చూడలేదు.

ఆ ఆదివారం గేట్లెత్తారని తెలిసి, తండ్రి జానయ్య ఊరి నుంచి వచ్చి వెనక తలుపు దగ్గర నిలబడ్డాడు.

"నీళ్లు జూసొద్దాం, జర రా బిడ్డా."

ఆమె చేతులు కడుక్కుని ఏప్రన్ విప్పింది.

"పోతే మళ్లీ రాకు!" మేనేజర్ అరిచాడు.

"రాను," అంది స్నేహలత.

జానయ్య ముఖం పాలిపోయింది. "గట్లనకు బిడ్డా. గొర్లమ్ముకున్నంక మనకు నీ పనే దిక్కు," అంటూ, చిన్నప్పుడు బడి గౌను నాడాలు కట్టినట్టు, తానే ఆమె నడుముకు ఏప్రన్ బిగించి ముడివేశాడు.